జమ్మలమడుగు నుంచి రాఘవపురం వరకు: విలియం కింగ్ స్తరక్రమం – ఆంధ్ర చమురు అన్వేషణకు పునాదులు

చమురు పరిశ్రమ చరిత్ర సాధారణంగా బావి తవ్వినవారితో మొదలవుతుంది. 1859లో పెన్సిల్వేనియాలోని టైటస్‌విల్ వద్ద ఎడ్విన్ డ్రేక్ తవ్వించిన బావి, 1889లో చమురు పడిన అస్సాంలోని డిగ్బోయి బావి ఈ చరిత్రకు మైలురాళ్లు. చమురు ఊటలు పైకి కనిపించిన చోట్లకు ఈ కథనం సరిపోతుంది. మందపాటి ఒండ్రు కింద శిలలు దాగిన గోదావరి డెల్టా వంటి ప్రాంతాల విషయంలో మాత్రం, శిలల వరుసను ముందుగా గుర్తించినవారి కృషిని కూడా లెక్కలోకి తీసుకోవలసి ఉంటుంది. ఆ కృషిలో ప్రధాన భాగం విలియం కింగ్‌ది (1833–1900).

నియాండర్తల్ మానవునికి 1864లో శాస్త్రీయ నామం పెట్టిన గాల్వే ఆచార్యుడు విలియం కింగ్‌కు ఈయన కుమారుడు. 1857లో భారత భూవిజ్ఞాన సర్వేక్షణ సంస్థలో చేరి మద్రాసు రాజధానిలో పనిచేశాడు. కడప, కర్నూలు శిలావ్యవస్థలపై ఆయన బృహద్గ్రంథం 1872లో వెలువడింది. అందులో ఆయన శిలాసముదాయాలకు అవి స్పష్టంగా బయటపడిన ఊళ్ల, నదుల పేర్లు పెట్టాడు. నాపరాయికి పేరొందిన నార్జి సున్నపురాయి 'జమ్మలమడుగు' వర్గంలో చేరింది. పులివెందుల పేరు క్వార్ట్జైట్ శిలలకు స్థిరపడింది. ప్రొద్దుటూరు పరిసరాల్లో పెన్నతో కలిసే కుందూనది పేర మరొక వర్గం ఏర్పడింది.

ఈ శిలల్లో చమురు పరిశ్రమ పుట్టలేదు. పులివెందుల వద్ద పొరల మధ్యకు చొచ్చుకువచ్చిన అగ్నిశిల వయస్సు సుమారు 188 కోట్ల సంవత్సరాలని ఆధునిక కాలనిర్ణయం తేల్చింది. ఆ అగ్నిశిల చొరబడిన పొరలు అంతకంటే పాతవి. అతిప్రాచీన శిలల్లోనూ సైబీరియా, ఒమన్‌లలో చమురు దొరికింది కనుక వయస్సు ఒక్కటే కారణం కాజాలదు. అయినా దేశంలోని 26 అవక్షేప ద్రోణుల్లో ఒకటైన కడప ద్రోణిలో వాణిజ్య స్థాయి ఉత్పత్తి నేటికీ లేదు. చమురు చరిత్రలో కడప ప్రాధాన్యం నిక్షేపాలది కాదు, పద్ధతిది. ఒక పొరను ఊరిపేరుతో గుర్తించి, దాని పైనా కిందా ఉన్నవాటితో సంబంధాన్ని నిర్ణయించే ఆ పద్ధతినే కింగ్ గోదావరి ప్రాంతంలోనూ అనుసరించాడు.

1871లో ఇల్లెందు పరిసరాల్లో ఆయన గుర్తించిన బొగ్గు సింగరేణి గనులకు మూలమైంది. అక్కడి ఒక బొగ్గుపొర నేటికీ ఆయన పేరుతోనే వ్యవహారంలో ఉంది. గోదావరి జిల్లా తీరప్రాంతంపై 1880లో, ప్రాణహిత–గోదావరి లోయపై 1881లో ఆయన అధ్యయనాలు వెలువడ్డాయి. మొదటిదానిలో గొల్లపల్లి, రాఘవపురం, తిరుపతి అనే మూడు శిలాసముదాయాలను వివరించాడు. 1887 నుంచి 1894 వరకు సర్వేక్షణ సంస్థకు అధిపతిగా ఉన్నాడు.

శతాబ్దం తరువాత ఈ పేర్లకు కొత్త అర్థం వచ్చింది. 1970ల చివరి నుంచి కృష్ణా–గోదావరి ద్రోణిలో వాయు నిక్షేపాలు బయటపడ్డాయి. రాఘవపురం షేల్‌ను హైడ్రోకార్బన్లు జనించే మూలశిలగా, గొల్లపల్లి ఇసుకరాయిని వాటిని నిలుపుకొనే శిలగా చమురు భూవిజ్ఞానులు పరిగణిస్తున్నారు. మండపేట వాయుక్షేత్రానికి మూలం డెల్టా అడుగున ఉన్న కొమ్ముగూడెం బొగ్గు–షేల్ పొరలు. ఇవి సింగరేణి బొగ్గు ఏర్పడిన గోండ్వానా కాలానివే.

కింగ్ చమురు కోసం వెతకలేదు. ఆయనను చమురు ఆవిష్కర్త అనడం అతిశయోక్తి. చమురు చరిత్ర నుంచి పూర్తిగా మినహాయించడం లోపం. ఈ మూల్యాంకనంలో మరొక అంశాన్ని విస్మరించరాదు. వలసపాలన అవసరాలకు సాగిన ఈ సర్వేక్షణ ఊళ్ల పేర్లను శాస్త్ర పరిభాషలో శాశ్వతం చేసింది గాని, రాళ్లనూ దారులనూ ఎరిగిన ఆ ఊళ్ల మనుషులకు ఆ చోటు ఇవ్వలేదు. నార్జి రాయిని తరతరాలుగా తొలిచినవారి జ్ఞానం ఏ వర్గనామంగానూ నమోదు కాలేదు. ఆంధ్ర ఇంధన చరిత్రను సమగ్రంగా రాయాలంటే బావికి ముందున్న పటాన్నీ, పటానికి ముందున్న ఆ జ్ఞానాన్నీ కలిపి పరిశీలించవలసి ఉంది.