పట్టా నుంచి కత్తెర దాకా

కె. బాలచందర్ తీసిన ‘వరుమైయిన్ నిరం సివప్పు’ 1980 నవంబరులో, దీపావళి రోజుల్లో తమిళనాట విడుదలైంది. అదే కథ, అదే కమల్‌హాసన్, అదే శ్రీదేవితో 1981 జనవరిలో ‘ఆకలి రాజ్యం’గా తెలుగువారి ముందుకొచ్చింది. నిరుద్యోగం మీద వచ్చిన గొప్ప సినిమాగా దానికి రెండు చోట్లా పేరుంది. ఆ పేరు తగినదే కానీ, అసలు విషయంలో సగమే చెబుతుంది. కొలువులివ్వని ప్రభుత్వాన్ని నిలదీసి ఆ సినిమా ఊరుకోలేదు. చదువుకున్నవాడికి ఏ పని తగుతుంది, ఏది తగదు అని మధ్యతరగతి తరతరాలుగా పెంచుకున్న నమ్మకాన్ని కూడా నిలదీసింది. దాని చారిత్రక విలువ ఈ రెండో ప్రశ్నలోనే ఎక్కువగా ఉందని నా వాదన.

ఆ నమ్మకం ఊరికే పుట్టలేదు. ఇంగ్లిషువాళ్ల ఏలుబడిలో చదువంటే కచేరీ ఉద్యోగమే. రాజధాని కలకత్తా నుంచి ఢిల్లీకి మారాక టైపు, షార్ట్‌హ్యాండ్ నేర్చిన తమిళులు గుమాస్తాలుగా అక్కడికి వెళ్లారు. కరోల్‌బాగ్ లాంటి పేటల్లో కాపురాలు పెట్టారు, 1920ల్లోనే తమ పిల్లలకు సొంత బడి నడుపుకున్నారు. సినిమాలో కమల్‌హాసన్ పాత్ర రంగన్ కొలువు వెతుక్కుంటూ ఢిల్లీ చేరడం ఆ పాత బాట పట్టడమే. అతను వెళ్లేసరికి ఆ బాట మూసుకుపోయింది. స్వాతంత్ర్యం తర్వాత కాలేజీలు పెరిగినంత జోరుగా కొలువులు పెరగలేదు. ఖాళీలను ఎంప్లాయ్‌మెంట్ ఎక్స్ఛేంజీలకు విధిగా తెలపాలని 1959లో చట్టం చేశారు. 1980 నాటికి ఆ ఎక్స్ఛేంజీల జాబితాల్లో కోటిన్నరకు పైగా పేర్లు పోగుపడ్డాయి. పైగా 1979లో కరువు, దానికి తోడు చమురు ధరల దెబ్బ. 1979-80లో దేశ ఉత్పత్తి దాదాపు 5 శాతం పడిపోయింది. బాలచందర్‌కు ఈ లోకం కొత్త కాదు. దర్శకుడు కాకముందు ఆయన మద్రాసు అకౌంటెంట్ జనరల్ ఆఫీసులో ఏళ్ల తరబడి పనిచేశారు. ఆఫీసు గుమ్మానికి లోపల ఉన్నవాడికి దక్కే గౌరవమేమిటో, బయట నిలబడ్డవాడు పోగొట్టుకునేదేమిటో ఆయనకు దగ్గరగా తెలుసు.

ఈ సినిమాలో ఆదర్శానికి అసలు పరీక్ష ఇంటర్వ్యూ గదిలో జరగదు, స్నేహితులు కలిసి ఉండే ఇరుకు గదిలో జరుగుతుంది. వండుకోవడానికి ఏమీ లేని పూట దేవి (శ్రీదేవి పాత్ర) వస్తే, ఆ అమ్మాయి ముందు పరువు పోకూడదని వాళ్లు ఖాళీ కంచాల ముందు కూర్చుని విందు ఆరగిస్తున్నట్టు నటిస్తారు. ప్రేక్షకుడు మొదట నవ్వుతాడు, ఆ నవ్వు సగంలోనే గొంతులో ఆగిపోతుంది. ఆ నటన వెనక ఆకలి ఎంత ఉందో, పరువు అంతకంటే ఎక్కువ ఉంది. స్నేహం వాళ్లకు ధైర్యమిస్తుంది, ఆ అబద్ధాన్ని నిలబెట్టడానికి సాయం కూడా చేస్తుంది. ఏ పరువు కోసం ఈ నాటకం అన్న ప్రశ్న అక్కడే మొలుస్తుంది.

రెండు భాషల మధ్య జరిగిన ఒక మార్పు నా వాదనకు మంచి సాక్ష్యం. తమిళ రంగన్ నోట తమిళ మహాకవి భారతి కవిత్వం, తెలుగు రంగా నోట శ్రీశ్రీ కవిత్వం. భారతి 1921లోనే, స్వరాజ్యం చూడకుండా కన్నుమూశాడు. 1980లో నిరుద్యోగి ఆ పద్యాలు చదివితే, స్వాతంత్ర్యం ఇస్తానని ఇవ్వకుండా ఎగవేసిన బాకీని అడుగుతున్నట్టుంటుంది. శ్రీశ్రీ సంగతి వేరు. 1930ల గీతాలతో ‘మహాప్రస్థానం’ 1950లో పుస్తకంగా వచ్చింది. 1970లో విప్లవ రచయితల సంఘం (విరసం) ఏర్పడినప్పుడు ఆయనే అధ్యక్షుడు. ‘ఆకలి రాజ్యం’ ఆడుతున్న రోజుల్లో ఆయన ఇంకా మన మధ్యే ఉన్నారు, శ్రీకాకుళ పోరాటం జ్ఞాపకాల్లో పచ్చిగా ఉంది. తెలుగు తెర మీద ఆ కవిత్వం పాత బాకీలా కాక సాగుతున్న పోరులా వినిపిస్తుంది. కవులు మారారు, రాజకీయ స్వరమూ మారింది. అయినా రెండు కథలూ చివరికి చేరేది ఒకే చోటికి, క్షౌరశాలకి. పట్టా చేతికొచ్చిన కథానాయకుడు కత్తెర పట్టి, సిగ్గుపడకుండా తల ఎత్తుకుని బతుకుతాడు. ఏ కవిని పెట్టినా ముగింపు కదల్లేదంటే కథకు గుండెకాయ అదే అన్నమాట.

కలకత్తా సినిమాల పక్కన పెట్టి చూస్తే ఈ ముగింపు బరువు ఇంకా తెలుస్తుంది. సత్యజిత్ రాయ్ 1976లో తీసిన ‘జన అరణ్య’లో చదువుకున్న సోమనాథ్ దళారీ అవుతాడు. ఆఖరికి ఒక కాంట్రాక్టు కోసం సొంత స్నేహితుడి చెల్లెలినే మరొకరి దగ్గరికి చేరుస్తాడు. అక్కడ స్నేహమూ ఆదర్శమూ కలిసే కూలిపోయాయి. బాలచందర్ రంగన్ ఆఫీసు ఉద్యోగం ఆశను వదులుకున్నాడు గానీ తనను తాను అమ్ముకోలేదు.

ఈ ముగింపుకు రెండు గట్టి అభ్యంతరాలున్నాయి. ఒక యువకుడు కత్తెర పట్టినంత మాత్రాన కోటిన్నర మంది సమస్య తీరుతుందా, ప్రభుత్వాన్ని చల్లగా వదిలేసినట్టు కాదా అనేది మొదటిది. సమస్య తీరదు, నిజమే. కానీ సినిమా ప్రభుత్వాన్ని వదిలిపెట్టలేదు. అంతకు ముందు రెండు గంటలకు పైగా నిలదీసిన తర్వాతే ఆ ముగింపుకు వచ్చింది. రెండోది ఇంకా పదునైనది. క్షౌరవృత్తిలో పుట్టినవాళ్లు తరాలుగా అదే పని చేస్తూ అవమానాలు పడ్డారు. వాళ్లకు దక్కని చప్పట్లు, సంగీత విద్వాంసుడి కొడుకు ఇష్టపడి ఆ పని చేస్తే దక్కడం న్యాయమా? న్యాయం కాదు. ఆ వృత్తివారి బతుకును సినిమా వాళ్ల వైపు నుంచి చూడలేదు. ఇది దాని లోటని ఒప్పుకోవాలి. అయితే అది వేలు చూపింది ఆ పని చేసేవారి వైపు కాదు, చిన్నచూపు చూసేవారి వైపు. వెతుక్కుంటూ వచ్చిన తండ్రి కొడుకును ఆ స్థితిలో చూసినప్పుడు, తల దించుకోవాల్సింది పని కాదు, పనికి కులం అంటగట్టిన మన ఆలోచన అని తెర మీద తేలిపోతుంది. 1980లో ఒక పెద్ద హీరోతో, వ్యాపార సినిమాలో ఈ మాట చెప్పించడం తక్కువ సాహసం కాదు.

మన ఇళ్లలో ఈ రోజుకీ పిల్లల చదువుకు గవర్నమెంటు కొలువో, విదేశీ కొలువో ఒక్కటే కొలబద్ద. చేతిపని చేసి బతుకుతానన్న పట్టభద్రుడి పెళ్లి సంబంధాలు వెనక్కి వెళ్తూనే ఉన్నాయి. ఉద్యోగాల కోసం ప్రభుత్వాన్ని గట్టిగా అడగాల్సిందే. దాంతోపాటు, నిజాయితీగా చేసే ఏ పనినైనా చూసి మొహం తిప్పుకునే అలవాటును మన ఇంటి నుంచే మానుకోవాలి. ‘ఆకలి రాజ్యం’ను ఇష్టపడ్డామని చెప్పుకునేవాళ్లు ముందుగా చేయాల్సింది అదే.