ముఖము కనిపించని నటుడు

అభినయం నాలుగు విధాలని మన నాట్యశాస్త్రం చెబుతున్నది: ఆంగికం, వాచికం, ఆహార్యం, సాత్త్వికం. వీటిలో మాటకు తావు లేక, ముఖం కనిపించక, కళ్ళు సైతం ప్రేక్షకులకు చూపక, 18 సంవత్సరాలపాటు లోకాన్ని భయపెట్టి, పిదప నవ్వించి, తుదకు తన పక్షానికి త్రిప్పుకొన్న నటుడొకడు జపాను దేశంలో ఉండేవాడు. ఆయన పేరు హరువో నకజిమ. ఆ పేరు విన్నవారు అరుదు. ఆయన ధరించిన వేషం పేరు గాడ్జిల్లా. ఆ పేరు విననివారు అరుదు.

నకజిమ 1929 జనవరి 1న యమగత మండలంలోని సకత పట్టణంలో జన్మించినాడు. యుద్ధం ముగిసేనాటికి ఆయనకు 16 ఏండ్లు. తరువాత నటన నేర్చి తోహో చిత్రసంస్థలో చేరినాడు. ఆయనకు దొరికినవి చిన్నచిన్న వేషాలు: గుంపులో ఒకడు, గుర్రం మీది బందిపోటు, దెబ్బతిని పడిపోయే సైనికుడు. 1954లో వచ్చిన కురొసావా చిత్రం 'ఏడుగురు సమురాయిలు'లో కూడా ఆయన ఒక దొంగ వేషంలో కనిపించి మరణిస్తాడు. అంతకు ముందటి యేడు 'పసిఫిక్ గరుడ' అనే యుద్ధచిత్రంలో ఒంటికి నిప్పంటించుకొని నటించినాడు. ఆ చిత్ర దర్శకుడు ఇషిరో హోండా. మంటకు వెరవని ఆ యువకుడే తరువాతి చిత్రంలో కావలసి వచ్చినాడు.

ఆ తరువాతి చిత్రం ఏ పరిస్థితులలో పుట్టినదో తెలిస్తేగాని నకజిమ వేషానికి గల గౌరవం బోధపడదు. 1954 మార్చి 1వ తేదీన బికినీ దీవులవద్ద అమెరికా హైడ్రోజన్ బాంబును ప్రయోగించి చూచినది. ఆ సమీపంలో చేపలు పట్టుతున్న జపాను పడవ ఒకదానిపై తెల్లని బూడిద కురిసినది. ఆ పడవ పేరు 'ఐదవ అదృష్ట నాగము'. దానిలోని 23 మంది జాలరులూ ఆ విషధూళికి గురి అయినారు. వారిలో వైర్‌లెస్ ఉద్యోగియైన ఐకిచి కుబొయామ ఆ సెప్టెంబరులో మరణించినాడు. హిరోషిమా, నాగసాకి కాలి అప్పటికి తొమ్మిదేండ్లే. ఆ గాయం మానకముందే ఇది జరిగినది. నిర్మాత తొమొయుకి తనక తలంపులో, బాంబు పేలుడువల్ల నిద్ర చెదిరి సముద్రంనుండి లేచివచ్చే మృగం రూపుదిద్దుకొన్నది. గొరిల్లా అనే మాటను, తిమింగలానికి జపాను మాటయైన 'కుజిరా'ను కలిపి దానికి 'గోజిరా' అని పేరు పెట్టినారు. పాశ్చాత్యులు దానినే గాడ్జిల్లా అన్నారు.

ట్రిక్ ఛాయాగ్రహణంలో సిద్ధహస్తుడైన ఈజీ త్సుబురాయ 1933 నాటి అమెరికా చిత్రం 'కింగ్ కాంగ్'ను ఆరాధించినవాడు. అందులోవలె చిన్న బొమ్మను ఇంచుకించుక కదుపుతూ, ఒక్కొక్క ఫ్రేమూ వేరువేరుగా చిత్రించవలెనని ఆయన కోరిక. తమకున్న వసతులతో ఆ పద్ధతిని అనుసరిస్తే ఏడేండ్లు పడుతుందని ఆయన లెక్క. కంపెనీ ఇచ్చిన గడువు కొద్ది నెలలు. అందుచేత మనిషికే మృగపు తొడుగు వేసి, 25వ వంతు కొలతలో కట్టిన టోక్యో నగరం నడుమ నడిపింపవలసి వచ్చినది. ఆ విధంగా ఒక కొత్త కళ అవసరంలోనుండి పుట్టినది.

మొదట తయారైన తొడుగు బరువు సుమారు 100 కిలోలు. దానిని ధరించి కొద్ది అడుగులు వేయడమే గగనమైనది. దానిని కోసి కాళ్ళ దృశ్యాలకు మాత్రమే వాడుకొని, మరికొంత తేలికైన తొడుగు వేరుగా చేసినారు. అదైనా భారమే. పైన స్టూడియో దీపాల వేడిమి, లోపల గాలి ఆడని రబ్బరు. తొడుగు విప్పినప్పుడు చెమటను పాత్రలోనికి పిండవలసి వచ్చేదట. కొద్ది నిమిషాలు నటించి, వీపువైపునుండి ఇతరుల సాయంతో బయటపడి, ఊపిరి పీల్చుకొని, మళ్ళీ లోపల దూరేవాడు. కత్సుమి తెజుక అనే మరొక నటుడూ ఆ వేషానికి నియమితుడైనా, అధికభాగం మోసినవాడు నకజిమయే.

బరువు మోయడమే నటన అయితే కూలివాడు చాలును. నకజిమ అక్కడ ఆగలేదు. టోక్యోలోని ఉయెనో జంతుప్రదర్శనశాలకు పోయి ఏనుగులు, ఎలుగుబంట్లు ఎట్లా అడుగు మోపుతవో, ఎట్లా తల త్రిప్పుతవో గమనించినాడు. పెద్ద జంతువు పాదం నేలనుండి లేవడంలోనూ, మళ్ళీ నేలకు ఆనడంలోనూ ఒక విలంబమున్నదని గ్రహించినాడు. ఇందులో ఇంకొక చిక్కున్నది. మృగం కొండంతగా కనిపించడానికి కెమెరాలో ఫిల్మును వేగంగా నడిపేవారు. తెరమీద అది మామూలు వేగంతో ఆడినప్పుడు కదలిక మందగించి బరువుగా తోచేది. కనుక తెరపై ఎంత నిదానంగా కనిపించవలెనో లెక్కవేసి, అంతకు మించిన వేగంతో లోపల కదలవలెను. తాళం ఒకటి, నడక మరొకటి.

1954 నవంబరు 3న చిత్రం విడుదలైనది. అందులో ఒక దృశ్యం మావంటివారికి మరువరానిది. గోపురం మీదినుండి ప్రసారం చేస్తున్న వార్తాప్రసారకులు మృగం తమవైపు వస్తున్నదని తెలిసికూడా మాట ఆపరు. గోపురం కూలేవరకు శ్రోతలకు చెబుతూనే ఉంటారు. ఆ గోపురాన్ని కూల్చిన మృగానికి గొంతు నకజిమది కాదు. సంగీత దర్శకుడు అకిరా ఇఫుకుబే తోలు చేతిగుడ్డతో డబుల్ బాసు వాద్యం తీగలను రాపాడించి ఆ గర్జనను పుట్టించినాడు. మేము ముఖం లేకుండా గొంతుతో పనిచేసేవారము. ఆయన ముఖమూ గొంతూ రెండూ లేకుండా ఒంటితో పనిచేసినాడు.

అప్పటినుండి 1972లో వచ్చిన 'గాడ్జిల్లా - గైగన్' చిత్రం వరకు వరుసగా 12 గాడ్జిల్లా చిత్రాలలో ఆయన ఆ తొడుగు ధరించినాడు. 1956లో రెక్కల మృగం రోడాన్ అయినాడు. ఆ చిత్రీకరణలో ఆయనను వ్రేలాడదీసిన తీగ తెగి కిందనున్న నీటిలో పడిపోయినాడు. రెక్కలూ నీరూ అడ్డుపడి ప్రాణం దక్కినది. 1958లో 'వరాన్' వేషంలో ఉండగా పేలుడువల్ల ఒళ్ళు కాలినది. అయినా పని మానలేదు. 1962లో గాడ్జిల్లా కింగ్ కాంగ్‌తో తలపడినప్పుడు ఆ పోరాటాన్ని కూర్చే భారం త్సుబురాయ నటులకే విడిచిపెట్టినాడు. ఆనాడు జపానులో ఎల్లరూ మెచ్చే కుస్తీ పట్లను నకజిమ, కాంగ్ వేషధారి హిరోసె కలిసి మృగాలకు నేర్పినారు. 1967లో ఆయన స్వయంగా కింగ్ కాంగ్ వేషమూ కట్టినాడు.

ఈ 18 ఏండ్లలో మృగం స్వభావం మారినది. తొలిచిత్రంలో అది అణుభయానికి ప్రతిరూపం. 1964లో మూడు తలల గిడొరా వచ్చేసరికి మానవులవైపు నిలిచి పోరాడినది. మరుసటి యేడు విజయోత్సాహంతో గంతులు కూడా వేసినది. భయం చల్లారినకొద్దీ పిల్లల ప్రేక్షకత్వం పెరిగినది. తొడుగులోని మనిషి మాత్రం ఆ భయానకాన్నీ, ఈ హాస్యాన్నీ సమానమైన శ్రద్ధతో నటించినాడు.

1970 జనవరిలో త్సుబురాయ మరణించినాడు. టెలివిజన్ ధాటికి చిత్రపరిశ్రమ క్షీణించినది. నటులను పోషించలేక తోహో సంస్థ నకజిమను తన ఆధీనంలోని బౌలింగ్ క్రీడాశాలలో పనికి మార్చినది. నగరాలను నేలమట్టం చేసిన పాదాలు అట్లా ఆటగాళ్ళ మధ్య నడయాడవలసి వచ్చినవి. అక్కడికి వచ్చినవారిలో ఆయనను ముఖం చూచి గుర్తుపట్టగలవారెవరు? ముఖం దాచుకొని చేసిన కళకు లభించే ప్రతిఫలంలో ఇదొక భాగం.

కాని కాలం ఆయనను పూర్తిగా మరువలేదు. ఆ చిత్రాలు చూచి పెరిగిన పిల్లలు పెద్దవారై, తొడుగులోని మనిషి ఎవరని వెతుక్కొంటూ వచ్చినారు. అమెరికాలోని అభిమానులు వృద్ధుడైన ఆయనను తమ సభలకు పిలిచి ఆదరించినారు. 2010లో 'మృగజీవితం' అనే పేర ఆయన ఆత్మకథ వెలువడినది. 2017 ఆగస్టు 7న 88వ యేట ఆయన కన్నుమూసినాడు.

ఆయన వారసత్వం మిగిలినది. 1972లో ఆయనతో గైగన్ వేషంలో తలపడిన కెన్‌పచిరో సత్సుమ 1984నుండి తానే గాడ్జిల్లా అయినాడు. 2016 నాటి చిత్రంలో మృగాన్ని కంప్యూటరు చిత్రించినది. అయినా దాని కదలికకు మూలం క్యోగెన్ అనే ప్రాచీన హాస్యనాటక కళాకారుడు మన్సాయి నొమురా శరీరమే. అనగా, యంత్రం ఎంత పెరిగినా, మృగం నడవడానికి ఒక మనిషి ముందుగా నడిచి చూపవలెను. ఆ నడకను 100 కిలోల బరువుక్రింద, చెమటలో, చీకటిలో, మొట్టమొదట నడిచి చూపినవాడు హరువో నకజిమ.