సూర్యుని గూర్చిన ఒక పాత పుస్తకము

ఆదిలాబాదు సీమవారికి ఎండను గూర్చి ఒకరు చెప్పనక్కరలేదు. ఆ ఎండలోనే మన తల్లులు మిరపకాయలు ఆరబోయుదురు, గూడెములలో ఇప్పపువ్వు ఎండబెట్టుదురు. ఏ పుస్తకమును చదువక, ఏ యంత్రమును కొనక సూర్యునిచేత పని చేయించుకొనుట మన ఇండ్లలో తరతరములుగా ఉన్నదే. అయితే సూర్యుడు ఆవిరియంత్రమును త్రిప్పగలడు, నీరు తోడగలడు, కూర వండగలడు అని చెప్పిన పుస్తకమొకటి 1878లోనే బొంబాయిలో అచ్చుపడినది. అప్పటికి మన గోదావరి లోయలో బొగ్గు బయటపడి ఏడేండ్లే అయినది. ఈ రెండు సంగతులను కలిపి చెప్పవలెనని చాలకాలముగా నా మనస్సులో ఉన్నది.

ముందు బొగ్గు సంగతి. 1871లో భారత భూగర్భ సర్వే శాఖకు చెందిన విలియం కింగు అను శాస్త్రజ్ఞుడు నిజాం రాజ్యములో ఇల్లెందు యొద్ద బొగ్గు పొరలను కనుగొనెను. 1886లో హైదరాబాదు దక్కను కంపెనీ హక్కులు పొందెను, 1889లో త్రవ్వకము మొదలాయెను. తరువాత ఆ పని గోదావరి లోయ వెంబడి మనవైపునకు ప్రాకి, 1920ల చివర బెల్లంపల్లికి, 1961లో రామగుండమునకు చేరెను.

ఈ బొగ్గునిచ్చు రాళ్లకు శాస్త్రజ్ఞులు పెట్టిన పేరు గోండ్వానా. గోండుల దేశమని దాని అర్థము. మన ఉట్నూరు, కెరమెరి కొండలలోని గోండుల జాతి పేరే అది. 1885లో ఆస్ట్రియా దేశపు ఎడ్వర్డ్ స్యూస్ తన గ్రంథములో, దక్షిణ ఖండములు ఒకప్పుడు కలిసియుండిన మహాభూభాగమునకును ఆ పేరే పెట్టెను. పేరు లోకమంతట వ్యాపించెను గాని, దానివలన ఆ జాతివారికి కలిగిన లాభమేమో నాకు కనబడలేదు.

ఇరువది అయిదు కోట్ల ఏండ్లకు పైబడిన నాటి అడవులే ఈ బొగ్గు. దాని పైనను క్రిందను ఉన్న రాతి పొరలలో నాలుక ఆకారముగల ఆకుల అచ్చులు ఈనెలతో సహా కనబడును. ఆ ఆకులు త్రాగిన ఎండయే బొగ్గులో దాగియున్నది. ఈ మాటను అందరికంటె తేటగా చెప్పినవాడు రైలింజనుకు పేరుపడిన జార్జి స్టీఫెన్‌సన్. శామ్యూల్ స్మైల్సు 1857లో వ్రాసిన జీవితచరిత్రలో ఆ ముచ్చట ఉన్నది. ఒక ఆదివారమున గుడినుండి తిరిగివచ్చి మేడమీద నిలిచియుండగా దూరమున రైలుబండి పోవుచుండెను. దానిని నడుపుచున్నదేమని ఆయన ప్రక్కనున్న బక్‌లాండును అడిగి, యుగయుగములు భూమిలో దాచబడిన సూర్యుని వెలుగే అని తానే విప్పి చెప్పెను. ఆ బక్‌లాండు భూగర్భ శాస్త్రజ్ఞుడు మాత్రమే కాదు, గురువు కూడను. ఆదివారపు ప్రసంగము విని వచ్చిన ఇద్దరు ఇట్టి మాట ఆడుకొనుట నాకు మిక్కిలి ఇష్టము.

దాచబడిన ఎండ అంత పని చేయగా, కండ్లయెదుట కాయుచున్న ఎండ ఏమి చేయగలదు? బొంబాయి హైకోర్టులో ఉప రిజిస్ట్రారుగా ఉండిన విలియం ఆడమ్సు అను ఆంగ్లేయుడు దీనినే విచారించెను. ఈ దేశములో కట్టెలు తరిగిపోవుచున్నవి, బొగ్గు ప్రియము, ఎండ మాత్రము ఉచితమని ఆయన చూచెను. ఫ్రాన్సు దేశములో మూషో అను బడిపంతులు ఇంతకుముందే వెండిపూత పూసిన గుంట అద్దములతో సూర్యయంత్రమును చేసి, 1869లో పుస్తకము వ్రాసియుండెను. ఆ అద్దములు ఖరీదైనవి, తొందరగా మసకబారునవి. గనుక ఆడమ్సు సామాన్యమైన బల్లపరుపు అద్దములను 72 తీసికొని, అర్ధచంద్రాకారముగా ఒక చట్రమునకు బిగించి, వెలుగంతయు ఒక్క బాయిలరుమీద పడునట్లు చేసెను. సూర్యుడు జరిగినకొలది చట్రమును జరుపుచుండెను. కొలాబాలో ఆ ఎండ ఆవిరితోనే రెండున్నర అశ్వశక్తుల యంత్రము నీరు తోడెను. ఆయన చేసిన అద్దపు పెట్టెలో జనవరి మాసపు మెత్తని ఎండకే ఏడుగురు సిపాయిల భోజనము రెండు గంటలలో ఉడికినది. ఇదంతయు వ్రాసి, ఉష్ణదేశములలో వంటచెరకునకు బదులు సూర్యుని వేడిమి అను పేరుతో పుస్తకము వేయించెను.

దానిని పట్టించుకొన్నవారు కొద్దిమందే. రైలుమార్గములు పెరిగెను, వాటితో బొగ్గు అన్నిచోట్లకు చౌకగా చేరసాగెను. ఎండను కొనువాడెవడు? 1950లలో ఢిల్లీలోని జాతీయ భౌతిక ప్రయోగశాల అద్దపు పొయ్యిని చేసి అమ్మకమునకు పెట్టెను. అదియు ఇండ్లలోనికి పోలేదు. నేను ఆ పెద్దలను తప్పుపట్టను గాని, తెల్లవారకముందు గంజి కాచి పొలమునకు పోయి, ప్రొద్దుగుంకిన తరువాత అన్నము వండుకొను స్త్రీని ఒక్కమాట అడిగియుంటే బాగుండెడిది.

ఇప్పుడు రామగుండమునకు రండి. అక్కడి ఎన్.టి.పి.సి. బొగ్గు విద్యుత్కేంద్రమునకు 1978లో పునాదిరాయి వేసిరి. 1983లో మొదటి యూనిట్ నడిచెను. తరువాత అది 2,600 మెగావాట్లకు పెరిగెను. ఆ కేంద్రమునకు నీరిచ్చు జలాశయముమీదనే, 500 ఎకరముల మేర, తేలెడు సౌర పలకలను పరచిరి. 2022 జులై 1 నాటికి 100 మెగావాట్లును పూర్తియాయెను. పలకలు ప్లాస్టిక్ తేలుగొట్టములమీద ఉండును. అవి కొట్టుకొనిపోకుండ అడుగున కాంక్రీటు దిమ్మెలకు కట్టియుంచిరి. పలకల నీడవలన ఏటా సుమారు 32.5 లక్షల ఘనమీటర్ల నీరు ఆవిరికాక మిగులునని, 1,65,000 టన్నుల బొగ్గు కాల్చనక్కరలేదని లెక్క. భూమి అడగలేదు, ఒకరి పొలము పోలేదు. బొగ్గుకొరకు పైకప్పు తీసిన ఓపెన్‌కాస్టు గనుల ప్రక్క ఊళ్లు ఖాళీయగుట చూచిన మనకు ఇది చిన్నమాట కాదు.

అయినను లెక్క సరిగా చూడవలెను. 2,600లో 100 ఎంత? అదియు పగలు మాత్రమే. రాత్రియైన తరువాత దీపమునకు బొగ్గే కాలుచున్నది.

మా సంఘములో బొగ్గు గనిలో పనిచేసి విశ్రాంతి తీసికొనిన పెద్దమనిషి ఒకడున్నాడు. దుమ్ము మ్రింగి మ్రింగి ఆయన రొమ్ము చెడినది. నాలుగు మెట్లెక్కి నిలిచి ఊపిరి పీల్చుకొనును. నేను ఆడమ్సు పుస్తకము కథ చెప్పి, ఆ మాట ఆనాడే విని యుండిన యెడల నీకీ దగ్గు ఉండెడిది కాదుగదా అంటిని. ఆయన కొంతసేపు ఊరకుండి, "అయ్యగారూ, ఆ దుమ్ములనే నా పిల్లలను చదివించిన. ఆ నీళ్ల మీది పలకలు నా మనుమనికి కూలి ఇస్తయా?" అనెను. సింగరేణిలో 1990ల మొదట లక్షకు పైగా ఉండిన పనివారు ఇప్పుడు సుమారు 40,000 మంది. వారిని తగ్గించినది సూర్యుడు కాదు, పెద్ద యంత్రములు. ఆ సంగతి ఆయనకు చెప్పితిని గాని, ఆయన అడిగినది అది కాదు.