గద: కావ్యమునందు, యుద్ధభూమియందు

హైదరాబాదున మధురానగరమునుండి కృష్ణానగరము మీదుగా ఫిలింనగరునకు పోవు త్రోవలో, చలనచిత్రములకు వలసిన ఉడుపులను, కిరీటములను, ఆయుధములను అద్దెకిచ్చు దుకాణములు కొన్ని కలవు. అట్టి యొక దుకాణమున గోడకు చేర్చి నిలిపిన గదలను మేము చూచితిమి. గుమ్మడికాయంత తల, దానిమీద పద్మపు రేకులు, కొనయందొక మొన, క్రింద బంగారు రంగు పూసిన పిడి. తెలుగువానికి గద యనగానే మనస్సున నిలుచు రూప మదియే. దుకాణపు కుఱ్ఱవాడు వానిలో రెండింటిని ఒక్క చంకలో నిఱికించుకొని లోపలికి గొనిపోయెను. అవి ఫైబరుతో చేసినవి.

ఈ రూపము రంగస్థలమునకే పరిమితమై యుండినచో మేమీ వ్యాసమును వ్రాయ నక్కఱ యుండెడిది కాదు. కాని కాకతీయుల సైన్యమును గూర్చియు, రెడ్డిరాజుల సైన్యమును గూర్చియు మన విద్యార్థులు వ్రాయు వ్యాసములందు ‘ఖడ్గకుంతగదాదులు’ అను మాట తఱచుగా కనబడుచున్నది. ఖడ్గమునకు శిల్పము సాక్ష్యము. కుంతమునకును సాక్ష్యము కలదు. గద కేది సాక్ష్యమని యడిగినచో, ఏదేని యొక కావ్యమునందలి యుద్ధవర్ణన చూపబడును. ఆ వర్ణన భారతమునకు ఋణపడినదే కాని కవి కాలపు సైన్యమును చూచి వ్రాసినది కాదని మా యభిప్రాయము. ఇట్లనుటచే తెలుగుదేశమున మోది చంపు ఆయుధమే లేదని మేము చెప్పుట లేదు. అది యుండెను, అయితే ఆ దుకాణమునందలి రూపమున నుండలేదు.

ముందుగా మాటలను చూతము. అమరకోశము ద్రుఘణ, ముద్గర, ఘన శబ్దములను పర్యాయములుగా పఠించినది. పరిఘను వేఱుగా చెప్పినది. కౌమోదకిని విష్ణువు గదగా పేర్కొన్నది. ఇవి సంస్కృతపు మాటలు. అచ్చ తెలుగున మనకు ‘గుదియ’ కలదు. పశువు మెడకు వ్రేలగట్టు గుదికఱ్ఱ, కాలికి తగులుకొను గుదిబండ దీనికి చుట్టములే యని మాకు తోచుచున్నది. అన్నింటను బరువైన మొద్దు అను భావమే ప్రధానము. రోకలి, సమ్మెట, దుడ్డుకఱ్ఱ, బడితె అనునవి తక్కిన మాటలు. వీనిలో ఒక్కటియు ఆయుధాగారమున పుట్టినది కాదు. ఇంటను, కొలిమిలోను, పసులదొడ్డిలోను పుట్టినవి. బలరాముని చేతనున్నవి నాగలియు రోకలియు నని మఱవరాదు. యాదవకులము నశించిన పర్వమునకు మౌసలపర్వమను పేరు ఆ రోకలిని బట్టియే వచ్చినది.

శాస్త్రగ్రంథముల తీరు ఇంకను విచిత్రము. ఆర్. శామశాస్త్రి 1909లో ప్రకటించిన కౌటిలీయమునందు, రెండవ అధికరణమున, ఆయుధాగారాధ్యక్షుని ప్రకరణము కలదు. శక్తి, ప్రాస, కుంతాదులు అందొక వర్గము, విండ్లొక వర్గము, కత్తు లొక వర్గము. గదయు, ముద్గరమును, ముసలమును ఈ మూటిలో దేనియందును లేవు. వానిని శతఘ్నితోడను, ఏనుగులను అడ్డగించు సాధనముతోడను జేర్చి ‘చలయంత్రము’లలో పఠించిరి. అనగా భటుడు నిత్యము మోయు ఆయుధములతోగాక, కోటకొఱకు కూర్చుకొను సామగ్రితో వానికి చోటు దొరికినది. అగ్నిపురాణపు ధనుర్వేద భాగము వింటిపోరును శ్రేష్ఠముగను, ప్రాసముతోడి పోరును మధ్యమముగను, కత్తిపోరును అధమముగను, బాహుయుద్ధమును అన్నిటికంటె కడపటిదిగను నిర్ణయించినది. ఈ నాలుగు మెట్లలో గదకు ప్రత్యేకముగా మెట్టు లేదు.

మఱి భారతమున గదకంత గౌరవ మెట్లు కలిగినది? శల్యపర్వమునందలి గదాయుద్ధమును జాగ్రత్తగా చదివిన వారికి సమాధానము తోపక మానదు. అది సేనాయుద్ధము కాదు. సేనలన్నియు నశించిన పిమ్మట, పదునెనిమిదవ దినమున, ఇద్దరు మాత్రము నిలిచి, చూచువారు చుట్టును గూర్చుండగా జరిగిన ద్వంద్వము. ఇద్దరికిని గురువొక్కడే, బలరాముడు. మండలములు తిరుగుట, తప్పించుకొనుట, ఎదుటివాని అలసటను కనిపెట్టుట, ఇవన్నియు మల్లుల గోదాకు చెందిన విద్యలు. నాభికి దిగువను కొట్టరాదను నియమ మొకటి కలదు. భీముడు తొడలు విఱుగగొట్టినప్పుడు బలరాముడు మండిపడుట ఆ నియమభంగమునకే. నియమము తప్పెనని గురువు కోపించు పోరు క్రీడకు దగ్గఱి చుట్టము. కన్నడమున రన్నడు పదవ శతాబ్దాంతమున తన కావ్యమునకు గదాయుద్ధమును వస్తువుగా గ్రహించినప్పుడు, తన ప్రభువైన చాళుక్య సత్యాశ్రయుని భీమునితో పోల్చెను. రాజును పొగడుటకు గద తగినది. అంతమాత్రమున ఆ రాజు గదతో యుద్ధము చేసెనని ఎవరును అనరు.

తెలుగున శల్యపర్వమును రచించిన తిక్కన సోమయాజి పదుమూడవ శతాబ్దమున నెల్లూరి మనుమసిద్ధి కొలువున నుండెను. ఆయన ఇంటనే గొప్ప యోధు డొకడు కలడు: పెదతండ్రి కొడుకు, మనుమసిద్ధికి సేనాని. పుల్లరిని గూర్చి కాటమరాజుతో వచ్చిన కలహమున పోరాడి మడిసిన ఆ వీరుని లోకము ఖడ్గతిక్కన యని పిలిచినది. కవితిక్కన భీముని గదను ఎంత యుజ్జ్వలముగా వర్ణించినను, ఆయన యింటి వీరునికి బిరుదైనది కత్తియే. ఒకే యింట కావ్యపు ఆయుధమును, యుద్ధపు ఆయుధమును వేఱుగా నుండుట కింతకంటె మంచి దృష్టాంతము మాకు దొరకలేదు.

పలనాటిని గూడ చూతము. పండ్రెండవ శతాబ్దపు కారెమపూడి యుద్ధము జనుల నోట నిలిచిన యుద్ధము. అక్కిరాజు ఉమాకాంతము 1911లో వీరచరిత్రను ప్రకటించుటకు ముందును, తరువాతను ఆ కథ పాటగానే ఎక్కువ ప్రసిద్ధము. అందు పేరుగల ఆయుధములు రెండు: బ్రహ్మనాయుని నృసింహకుంతము, కన్నమదాసుని భైరవఖడ్గము. ఒకటి ఈటె, ఇంకొకటి కత్తి. నేటికిని కార్తికమాసపు అమావాస్య మొదలు ఐదు దినములు కారంపూడిలో వీరుల తిరునాళ్లు జరుగును. వీరుల ఆయుధములను కొణతములని పేర్కొని పూజింతురు. మందపోరు, కోడిపోరు ఆ దినములలో రెండింటి పేర్లు. భారతముతో పోల్చి పలనాటి కథను చెప్పుకొనుట మనకు పరిపాటి. అంత పోలిక యున్నను, ప్రసిద్ధమైన ఆయుధముల పేళ్లలో గద చేరలేదు.

ఇక ఆయుధపు పనితీరు. ఇనుముతో చేసిన గోళము ఇరువది సెంటీమీటర్ల వ్యాసము కలదైనచో దాని బరువు సుమారు 33 కిలోలగును. ఎంత బలిష్ఠుడైనను దానినొకసారి ఎత్తివేయవచ్చును గాని, తిరిగి త్రిప్పి, గుఱిచూచి కొట్టలేడు. అంతలో ఎదుటివాని బల్లెము పని ముగించును. వ్యాసమును ఎనిమిది సెంటీమీటర్లకు తగ్గించిన యెడల బరువు రెండు కిలోలకు దిగును. నిజమైన యుద్ధపు గుదియల తల చిన్నదిగా నుండుటకు కారణ మిదియే. అసలు మోదు ఆయుధముతో అవసరమెప్పుడు? శత్రువు ఇనుపవలయముల కవచము తొడిగినప్పుడు, శిరస్త్రాణము ధరించినప్పుడు. కత్తివాదర వలయములపై జాఱును. మొద్దుదెబ్బ కవచమును చీల్పకయే లోపలి యెముకను విఱుచును. తలచుట్టు నిలువురెక్కలు పెట్టినచో దెబ్బ బలమంతయు సన్నని అంచుమీద పడును. పారసీకులు ‘గుర్జు’ అనియు, ఆఱు రెక్కలున్న దానిని ‘షష్‌పర్’ అనియు వ్యవహరించినది ఇట్టి దానినే. కవచధారులైన ఆశ్వికులతో అది దక్కనునకు వచ్చినది. 1951లో ప్రారంభమైన సాలార్‌జంగ్ మ్యూజియమున ఆయుధములున్న గదిలో గుర్జులను చూచినవారికి అవి ఎంత చిన్నవో తెలియును. సినిమా గద ప్రక్కన పెట్టినచో బొమ్మవలె నుండును.

మన కాల్బలములో పెక్కుమందికి ఇనుపకవచము లేదు. అట్టివారితో పోరుటకు కత్తియు బల్లెమును చాలును. 1520 ప్రాంతమున విజయనగరమునకు వచ్చిన పోర్చుగీసు యాత్రికుడు డొమింగో పాయెస్ రాయల ఆశ్వికుల నడుమున కత్తులు, చిన్న గొడ్డళ్లు, చేత బల్లెములు ఉండెనని వ్రాసెను. కృష్ణదేవరాయల దినచర్యను గూర్చిన ఆయన మాట ఇంకను ఉపయుక్తము. రాయలు వేకువనే నువ్వులనూనె త్రాగి, ఒంటికి రాచుకొని, మట్టితో చేసిన పెద్ద బరువులను ఎత్తి, పిదప కత్తి సాధన చేసి, ఆపై మల్లునితో కుస్తీ పట్టెడివాడట. బరువు దేహపుష్టికి, కత్తి సాధనకు. భారతపు గద నిలిచియున్న చోటు ఇట్టిదే: గరిడీలలో, ముద్గరములు త్రిప్పు సాములో, మల్లులు మ్రొక్కు ఆంజనేయుని భుజముమీద. ద్వారపాలకుల చేతిలోనిదియు కావలికి గుఱుతే. తరువాతి కాలమున ఆస్థానముల చోప్‌దారులు వెండిబెత్తములతో ముందు నడచినదియు ఈ జాతికి చెందిన ఆచారమే.

కాబట్టి 1885లో కీచకవధతో ప్రారంభమైన సురభివారు గాని, వారి వెనుక సినిమావారు గాని గదను పెద్దది చేసి చరిత్రను చెఱచిరని నిందించుట తగదు. వారు గరిడీ సంప్రదాయమును, దేవాలయ శిల్పమును అనుసరించిరి. వెనుక వరుసలో కూర్చున్నవానికి గూడ గద కనబడవలెను గదా! ‘మాయాబజార్’ (1957)లో ఎస్.వి. రంగారావుగారి ఘటోత్కచుడు గదను భుజమున ధరించి నడచుటలో బరువంతయు ఆయన నడకలో నున్నది. ‘నర్తనశాల’ (1963)లో భీమపాత్రకు భారోత్తోలన క్రీడాకారుడైన దండమూడి రాజగోపాలును ఎన్నుకొనుట మా వాదమునకు బలము చేకూర్చునదే: భీముని కొఱకు వెదకినవారు కత్తిసాము చేయువానిని గాక బరువులెత్తువానిని తెచ్చిరి. ‘బాహుబలి’ (2015)లో భల్లాలదేవుని చేతి గదయు ఈ వరుసలోనిదే. తప్పు చిత్రములది కాదు. చిత్రమును చూచిన కన్నుతో శాసనమును చదువు వారిది.

ఇట్టి పొరపాటు మనయందే కాదు. నేటి మన విద్యార్థులలో కొందఱెఱిగిన పాత్రధారణ క్రీడలు కలవు. ఆటగాండ్రు కల్పిత వీరులై కథను నడపుదురు. వానిలో ఆద్యమైన ‘డంజన్స్ అండ్ డ్రాగన్స్’ను 1974లో అమెరికాలో గైగాక్స్, ఆర్నెసన్ అనువారు ప్రకటించిరి. అందు పురోహిత పాత్ర అంచుగల ఆయుధమును పట్టరాదు, గుదియనే పట్టవలెను. దీనికి వెనుక నున్నది మధ్యయుగపు క్రైస్తవాచార్యులు నెత్తురు చిందింపరాదు గనుక గుదియలతో పోరాడిరను ప్రచారము. దానికి చూపు ఆధారము 1066 నాటి హేస్టింగ్స్ యుద్ధమును చిత్రించిన బెయూ పటము. అందు ఓడో బిషప్పు చేత దుడ్డుకఱ్ఱ యున్నమాట నిజమే. కాని అదే పటమున, బిషప్పు కాని విలియము ప్రభువు చేతను అట్టి కఱ్ఱయే యున్నది. అది నాయకుని దండమని చెప్పుట సమంజసము. గుదియదెబ్బకు నెత్తురు రాదనుట, తల పగులుటను చూడనివారి మాట. 2000లో వెలువడిన మూడవ కూర్పున ఆ నిషేధమును తొలగించిరి. అయినను ఆటలోని పురోహితుని చేతిలో గుదియ నేటికిని తఱచుగా కనబడుచునే యున్నది.

మనకు బెయూ పటము లేదు, వీరగల్లులు కలవు. ఊరి పొలిమేరలలో, చెఱువుగట్లపై, గుడి ముంగిళ్లలో నిలిచిన ఆ రాళ్లమీద చచ్చిన వీరుని చేతిలోని ఆయుధమును శిల్పి చెక్కియుంచినాడు. వానిలో మేము చూచినంతవఱకు కత్తి, బాకు, విల్లు, ఈటె, డాలు మాటిమాటికి కనబడినవి. జిల్లాలవారీగా, శతాబ్దములవారీగా ఈ యాయుధముల పట్టిక నొకదానిని సిద్ధపఱచుట ఒక పరిశోధక విద్యార్థికి రెండు మూడేండ్ల పని. పసులకొఱకు పోరి మడిసిన వారి రాళ్లను వేఱుగా లెక్కింపవలెను; చేత కఱ్ఱగాని గుదియగాని కనబడు నవకాశము అచ్చటనే ఎక్కువ.