ఉర్దూ బడి నుంచి తెలుగు ఆచార్య పీఠానికి

1940ల నాటి సిరిసిల్ల. బడిలోకి వచ్చి పిల్లల మధ్య కూర్చోండి. సారు నల్లబల్ల మీద కుడి నుంచి ఎడమకు రాస్తున్నారు. లెక్కలైనా చరిత్రైనా ఉర్దూలోనే. నిజాం ఏలుబడి ఇది. జగిత్యాల పోయినా, కోరుట్ల పోయినా సర్కారు చదువు తీరు ఇంతే. తెలుగు ఐచ్ఛికం మాత్రమే. ఆ పిల్లల్లోనే ఉన్నాడు, హనుమాజీపేట రైతుబిడ్డ సింగిరెడ్డి నారాయణరెడ్డి. 1931 జులై 29న పుట్టాడు. తండ్రి మల్లారెడ్డి, తల్లి బుచ్చమ్మ.

ఇక హనుమాజీపేటకు నడవండి. చీకటి పడింది, జనం గుమిగూడారు. హరిదాసు కాళ్ల గజ్జెలు మోగుతున్నాయి, చిడతలు తాళం వేస్తున్నాయి. ఇంకో రోజు జంగం కథ, మరో రోజు జానపదుల పాట. తెలుగు నడక ఈ పిల్లవాడికి పట్టుబడింది ఇక్కడే, చెవులతోనే.

కరీంనగర్‌లో మెట్రిక్ అయ్యింది. హైదరాబాద్ వచ్చాం. సుల్తాన్‌బజార్‌లో శ్రీకృష్ణదేవరాయ ఆంధ్రభాషా నిలయం గడప దాటండి. 1901లో వెలసిన ఈ గ్రంథాలయంలో ఆ యువకుడు పుస్తకం మీద పుస్తకం చదువుతున్నాడు. ఊళ్లో విన్న భాష ఇక్కడ అచ్చులో ఎదురవుతోంది. బీఏ ఉర్దూ మాధ్యమంలో చదివినవాడు ఎమ్మేకు తెలుగునే ఎంచుకున్నాడు.

ఇప్పుడు ఉస్మానియా ఆర్ట్స్ కాలేజీ రాతి మెట్లెక్కండి. 1962 నాటికి ఆయన డాక్టర్ సి. నారాయణరెడ్డి, మనం పిలుచుకునే సినారె. పరిశోధన ‘ఆధునికాంధ్ర కవిత్వము: సంప్రదాయములు, ప్రయోగములు’. కొత్త కవిత్వం పాతదాన్ని తెంచుకుని పుట్టలేదని, పాత వేరుకే కొత్త చిగురు వేస్తుందని పేరులోనే తెలుస్తోంది. అదే ఏడాది ‘గులేబకావళి కథ’ సినిమాకు ఆయన రాసిన పాటలు ఇంటింటా మోగాయి. పాఠం చెప్పడం మాత్రం ఆగలేదు. ఆచార్యుడయ్యారు, సార్వత్రిక విశ్వవిద్యాలయానికీ తెలుగు విశ్వవిద్యాలయానికీ ఉపకులపతి అయ్యారు. సిరిసిల్లలో దిద్దిన ఉర్దూ కూడా వృథా పోలేదు. తెలుగులో గజళ్లు రాసి, తానే పాడి వినిపించారు. 1980లో వచ్చిన ‘విశ్వంభర’ కావ్యం 1988 జ్ఞానపీఠ పురస్కారాన్ని తెచ్చింది. 2017 జూన్ 12న కన్నుమూశారు.

సినారె అనగానే మనకు సినిమా పాట గుర్తొస్తుంది. పాట వెనక పండితుడున్నాడు. జగిత్యాల, కోరుట్ల, సిరిసిల్ల కాలేజీల్లో తెలుగు చదివే పిల్లల్లారా, ఆ సిద్ధాంత గ్రంథం తెరవండి. మీ గడ్డ మీది బిడ్డే ఆధునిక తెలుగు కవిత్వానికి దారులు గీసి పెట్టాడు.