పాఠ్యనిర్ణయము – న్యాయస్థానము

విద్యార్థి యేమి చదువవలెనో నిర్ణయింపవలసినవా రెవరు? ఈ ప్రశ్న మన విజయనగరమునకు క్రొత్తది కాదు. 1914లో మదరాసు విశ్వవిద్యాలయపు వ్యాసరచనా సంఘమున గ్రాంథికవాదులదే పైచేయి కాగా, గురజాడ అప్పారావుగారు వాడుకభాష పక్షమున అసమ్మతిపత్రము సమర్పించిరి. సంస్థానపు వ్యాజ్యములలో పాటుపడిన వారయ్యును వారీ తగవును కచ్చేరి కెక్కింపలేదు. తమ హేతువులను వ్రాసి లోకము ముందుంచిరి. 1915లో వారు గతింపగా, శ్రీకాకుళ ప్రాంతమున జన్మించిన గిడుగు రామమూర్తిగారు ఆ వాదమును కొనసాగించిరి. నేడు కళాశాలలలో వాడుకభాషయే చెల్లుచున్నది.

2001లో విశ్వవిద్యాలయ నిధుల సంఘము జ్యోతిషమును పాఠ్యవిషయముగా ప్రవేశపెట్ట సంకల్పించెను. హైదరాబాదులోని శాస్త్రజ్ఞులు పి. ఎం. భార్గవగారు మరికొందరితో కలసి ఆంధ్రప్రదేశ్ హైకోర్టు నాశ్రయించిరి, వ్యాజ్యము వీగిపోయెను. పాఠ్యనిర్ణయము నిపుణుల పనియే గాని న్యాయస్థానములది గాదని 2004 మే 5న సుప్రీంకోర్టును అప్పీలును త్రోసిపుచ్చెను.

ఆ కోర్టులలో జాతకఫలముల సత్యాసత్యములకు పరీక్ష జరుగలేదు. నిర్ణయాధికార మెవరిదను విచారణయే జరిగెను. కావున తీర్పును జ్యోతిషమునకు యోగ్యతాపత్రముగా నెంచరాదు. జాతకము కుదురలేదని నేటికిని మన యిండ్లలో సంబంధములు తప్పిపోవుచున్నవి. అధికారము నిపుణులదైనచో హేతువులు చెప్పు బాధ్యతయు వారిదే. ఆ హేతువులను అడుగు బాధ్యత బిడ్డలను చదివించు మనది.