పురుషత్వం, జెండర్ పాత్రలు, పురుష విముక్తి: ఆంధ్రదేశ అనుభవం

9.0 లక్ష్యాలు

ఈ విభాగాన్ని చదివిన తరువాత మీరు:
- పురుషత్వం చరిత్రలో రూపొందిన భావన అని ఉదాహరణలతో వివరించగలుగుతారు.
- కన్యాశుల్కం, వరకట్నం, ఇల్లరికం ఆచారాలలో పురుషుని స్థానాన్ని విశ్లేషించగలుగుతారు.
- పురుష విముక్తికి, పురుష హక్కుల ఉద్యమానికి మధ్య తేడాను గుర్తించగలుగుతారు.

9.1 పరిచయం

"ఉద్యోగం పురుషలక్షణం", "ఏడ్చే మగవాణ్ణి నమ్మరాదు" అనే సామెతలు మీరు చిన్నప్పటి నుంచి వింటున్నవే. పురుషుడు సంపాదించి తీరాలని మొదటిది చెబుతుంది. దుఃఖాన్ని బయటపెట్టకూడదని రెండవది చెబుతుంది. స్త్రీ పురుషుల శరీరాలలో తేడా ప్రకృతి సిద్ధమైనది. ఎవరు ఏ పని చేయాలి, ఎలా నడుచుకోవాలి అన్నది మాత్రం సమాజం నిర్ణయిస్తుంది. దీనినే జెండర్ పాత్ర అంటారు.

నల్లజర్ల మెట్టలో ఆయిల్‌పామ్ తోటల పనిని గమనించండి. గెలలు కోసేది పురుషులు. రాలిన పండ్లు ఏరేది ఎక్కువగా స్త్రీలు. తాడేపల్లిగూడెం దాటి డెల్టాలోకి దిగితే దుక్కి మగవారిది, ఊడ్పులు ఆడవారివి. రోజంతా బురదలో నడుము వంచి నాటడం తేలిక పని కాదు. అయినా మగకూలి ఎక్కువ, ఆడకూలి తక్కువ. సమాన వేతన చట్టం 1976లో వచ్చినా ఈ తేడా పూర్తిగా పోలేదు. అంటే పనిలోని కష్టాన్ని బట్టి కాక, చేసే మనిషిని బట్టి విలువ కట్టారన్నమాట.

అలా కట్టిన విలువ పురుషునికి లాభం తెచ్చింది, అతణ్ణి బంధించింది కూడా. ఈ రెండింటినీ కలిపి చూడడమే ఈ విభాగం ఉద్దేశం.

9.2 కన్యాశుల్కం నుంచి వరకట్నానికి

19వ శతాబ్దంలో కొన్ని బ్రాహ్మణ కుటుంబాలలో వరుని వైపువారు కన్య తండ్రికి డబ్బు చెల్లించేవారు. ఇది కన్యాశుల్కం. ఇతర కులాలు అనేకంలో ఇలాంటి చెల్లింపును 'ఓలి' అనేవారు. విజయనగరం మహారాజా విశాఖపట్నం జిల్లాలో ఇటువంటి వివాహాల జాబితా తయారు చేయించారు. మూడేళ్లలో 1034 వివాహాలు లెక్కకు వచ్చాయని గురజాడ అప్పారావు 'కన్యాశుల్కం' నాటకం 1897 ముద్రణకు రాసిన పీఠికలో తెలిపారు. వధువులలో ఐదేళ్ల లోపు పిల్లలు కూడా ఉన్నారు.

ఈ ఆచారంలో అత్యంత ఘోరమైన నష్టం బాలికలది. వృద్ధునికి కట్టబెట్టిన బాలిక త్వరలోనే వితంతువయ్యేది. అయితే పురుషులందరూ సమానంగా లాభపడలేదని కూడా గమనించండి. డబ్బున్న ముసలివాడు పెళ్లి చేసుకోగలిగాడు. పేద యువకుడు అప్పు చేయాలి, లేదా బ్రహ్మచారిగా మిగలాలి.

కందుకూరి వీరేశలింగం 1881 డిసెంబర్ 11న రాజమహేంద్రవరంలో తొలి వితంతు వివాహం జరిపించారు. ఆయనకు సహకరించిన పురుషులు వెలిని ఎదుర్కొన్నారు. కులం పురుషునికి అధికారం ఇచ్చింది. ఆ అధికారాన్ని వదులుకోబోతే శిక్షించింది కూడా.

ఇదే కాలంలో ఆర్థిక పరిస్థితి మారుతూ వచ్చింది. 1852లో ధవళేశ్వరం ఆనకట్ట పూర్తయింది. కాలువల కింద భూమి విలువ పెరిగింది. ఇంగ్లీషు చదువు, ప్రభుత్వ ఉద్యోగం పొందిన యువకులకు గిరాకీ ఏర్పడింది. ఇటువంటి మార్పుల మధ్య క్రమంగా కన్యాశుల్కం తగ్గి, వరకట్నం విస్తరించింది. చెల్లింపు దిశ మారింది గాని, పెళ్లిలో బేరం పోలేదు. "అబ్బాయి ఏం చేస్తాడు? ఎన్ని ఎకరాలు?" అన్న ప్రశ్నలకు వచ్చే జవాబే వరుని ధర అయింది.

1961లో వరకట్న నిషేధ చట్టం వచ్చినా ఈ లెక్క ఆగలేదు. ధర కట్టించుకున్నవాడు జీవితమంతా దానికి తగినట్లు సంపాదించి చూపించాలి. పంట పోయినా, ఉద్యోగం పోయినా తన మగతనమే పోయిందని కుంగిపోతాడు. కానీ ఈ భారాన్ని వధువు భారంతో సమానంగా తూచకూడదు. కట్నం చెల్లించేది ఆమె పుట్టిల్లు. చాలకపోతే హింసను భరించేది ఆమె శరీరం.

9.3 ఇల్లరికం: చట్టం ఇచ్చిన స్థానం, ఊరు చేసిన ఎగతాళి

కొడుకులు లేని భూస్వామ్య కుటుంబాలు అల్లుణ్ణి ఇంటికి తెచ్చుకునేవి. మద్రాసు ప్రెసిడెన్సీలోని రెడ్డి, కమ్మ కుటుంబాలలో ఈ ఆచారాన్ని 'ఇల్లటం' పేరుతో న్యాయస్థానాలు గుర్తించాయి. ఆస్తి నిర్వహణలో తోడ్పడినందుకు ఇల్లటం అల్లునికి కొడుకువలె వాటా దక్కేది. పుట్టిన ఇంట్లో అతని హక్కు కూడా పోయేది కాదు.

న్యాయస్థానం అతణ్ణి కొడుకుగా చూసింది. ఊరు మాత్రం 'ఇల్లరికపు అల్లుడు' అని నవ్వింది. 1959లో వచ్చిన 'ఇల్లరికం' సినిమా కథకు ఈ అవమానమే ఆధారం. ఇక్కడ ఒక్క క్షణం ఆగి ఆలోచించండి. అమ్మాయి పుట్టిల్లు వదలి అత్తవారింట బతకడం ఎవరికీ వింతగా తోచదు. అదే పని అబ్బాయి చేస్తే నామర్దా. స్త్రీ చేసే పని తాను చేస్తే తక్కువైపోతానన్న భయం మీదనే ఈ మగతనం నిలబడింది.

ఈ పరిస్థితిని ఏది మార్చింది? 1956 హిందూ వారసత్వ చట్టం కూతురిని తండ్రి ఆస్తికి వారసురాలిని చేసింది. 1985లో ఆంధ్రప్రదేశ్ సవరణ, 2005లో కేంద్ర సవరణ ఉమ్మడి ఆస్తిలో ఆమెకు పుట్టుకతోనే హక్కు ఇచ్చాయి. కూతురే భూమికి హక్కుదారు అయినప్పుడు, భూమిని నిలబెట్టుకోవడానికి మరొకరి కొడుకును తెచ్చుకోవలసిన అవసరం తగ్గుతుంది. స్త్రీకి ఇచ్చిన హక్కు పురుషుని మెడలోని ఒక ముడిని కూడా సడలించిందన్నది ఇక్కడ ముఖ్యం.

పురుషులందరి స్థాయి ఒకటి కాదని కూడా గుర్తుంచుకోండి. అరవై ఏళ్ల దళిత పాలేరును ఆసామి ఇంటి కుర్రవాడు "ఏరా" అని పిలిచిన ఊళ్లు మనవే. పాలేరుకు తన ఇంట్లో ఉన్న అధికారం ఆసామి గుమ్మం దగ్గర చెల్లలేదు.

9.4 పురుష విముక్తి: రెండు దారులు

1970లలో అమెరికాలో స్త్రీల ఉద్యమ ప్రభావంతో పురుష విముక్తి భావన వెలువడింది. సంపాదించే యంత్రంగా, కన్నీరు మింగే మనిషిగా బతకమనే పాత్ర పురుషునికీ హానికరమని ఇది వాదించింది. 1974లో 'ది లిబరేటెడ్ మాన్' రాసిన వారెన్ ఫారెల్ ఇందులో ప్రముఖుడు. తరువాత ఈ ఉద్యమం చీలింది. ఒక వర్గం స్త్రీవాదంతో కలిసి నడిచింది. రెండవ వర్గం పురుష హక్కుల పేరుతో దానికి ఎదురు నిలిచింది. ఫారెల్ కూడా క్రమంగా రెండవ వైపు చేరాడు.

భారతదేశంలోనూ ఈ రెండు దారులు కనిపిస్తాయి. 1993లో ముంబైలో పురుషులే స్త్రీలపై హింసకు వ్యతిరేకంగా ఒక సంస్థను స్థాపించారు. 2005 తరువాత మరికొన్ని సంఘాలు 498ఎ సెక్షన్ దుర్వినియోగం అవుతోందని ఉద్యమించాయి. 1983లో చేర్చిన ఈ సెక్షన్ కింద యాంత్రికంగా అరెస్టులు చేయరాదని సుప్రీంకోర్టు 2014లో అర్నేష్ కుమార్ కేసులో ఆదేశించింది. నిరపరాధికి జరిగే అన్యాయం నిజమైన అన్యాయమే. దానికి పరిష్కారం న్యాయమైన దర్యాప్తు. బాధితురాలి రక్షణను తొలగించడం కాదు.

మన రాష్ట్ర చరిత్రలో విముక్తి దారికి దగ్గరగా ఉన్న ఘట్టం సారా వ్యతిరేక ఉద్యమం. 1992లో నెల్లూరు జిల్లా దూబగుంట నుంచి అది ఇతర జిల్లాలకు పాకింది. 1993 అక్టోబర్ 1న సారా నిషేధం అమలులోకి వచ్చింది. తాగుడు మగతనానికి గుర్తుగా చెలామణి అయ్యే చోట, మగవారి కూలిడబ్బును, ఆరోగ్యాన్ని కాపాడే పోరాటానికి స్త్రీలు నాయకత్వం వహించారు.

9.5 సారాంశం

కన్యాశుల్కం పోయింది, ఓలి పోయింది, ఇల్లటం అరుదైపోయింది. ఒకప్పుడు ఇవన్నీ మారని ధర్మాలుగా కనిపించినవే. కాబట్టి నేటి పురుషత్వం కూడా మార్చరానిది కాదు. మన అనుభవంలో పురుషుని బంధనాలు స్త్రీ హక్కులు తగ్గినప్పుడు కాక, పెరిగినప్పుడే సడలాయి. మీలో ఉద్యోగం చేస్తూ చదువుతున్న పురుషులూ, ఇంటిపని ముగించి రాత్రిపూట ఈ పుస్తకం తెరిచే స్త్రీలూ ఉన్నారు. మీ ఇంట్లో మరొకరి చదువుకు గంట సమయం దొరకాలంటే ఎవరి పాత్ర మారాలో ఆలోచించండి.

మీ ప్రగతిని పరీక్షించుకోండి

1. ఇల్లటం అల్లునికి ఏ హక్కులు ఉండేవి?
2. కన్యాశుల్కం వల్ల పేద యువకులు ఎదుర్కొన్న ఇబ్బంది ఏమిటి?

మాదిరి పరీక్ష ప్రశ్నలు

1. కన్యాశుల్కం నుంచి వరకట్నానికి జరిగిన మార్పును, దానికి తోడ్పడిన ఆర్థిక పరిస్థితులను వివరించండి.
2. పురుష విముక్తి, పురుష హక్కుల ఉద్యమాలను పోల్చండి.

క్షేత్ర అభ్యాసం: మీ కుటుంబంలో మూడు తరాల వివాహాల గురించి పెద్దలను అడగండి. ఎవరు ఎవరికి ఏమి చెల్లించారు, పెళ్లి తరువాత ఎవరు ఊరు మారారు అన్న వివరాలతో ఒక పట్టిక తయారు చేయండి.